రెక్కల్లేని పురుగు జాడ

ఆ పురుగు కోసం నేను ఆరేళ్లు వెతికాను. మా అమ్మ నాలుగు రోజుల్లో చూపించింది. ఆ నాలుగు రోజుల కోసం ఆమె ఏం పోగొట్టుకుందో చెప్పకపోతే ఈ కథ సగమే చెప్పినట్టవుతుంది.

నా పేరు కెజియా. హంగరీ దేశంలో ఒక కీటక పరిశోధనశాలలో పనిచేస్తాను. ఆరేళ్లుగా నా పనంతా ఒక చిన్న శలభం చుట్టూనే. చెట్టూ చేమా లేని గడ్డి మైదానాల్లో, మిగతా పురుగులన్నీ చలికి చచ్చిపోయాక, నవంబరు నెలలో అది బయటికొస్తుంది. మగవాటికి రెక్కలుంటాయి. ఎండ కాసిన పూట గడ్డి మీదుగా తక్కువ ఎత్తులో ఎగురుతుంటాయి. ఆడదానికి రెక్కలు లేవు. వేరుశనగ పప్పంత ఒళ్లు, ఆరు కాళ్లు, కడుపునిండా గుడ్లు. మట్టిలోంచి పైకొచ్చి ఒక ఎండుగడ్డి పరకెక్కి కూర్చుంటుంది. అక్కణ్ణుంచి గాలిలోకి ఒక వాసన వదులుతుంది. ఆ పిలుపు వాసన పట్టుకుని మగపురుగు వెతుక్కుంటూ వస్తుంది. ఎగరలేదు కాబట్టి పుట్టిన చోటు వదిలి ఎక్కడికీ పోలేదు. ఆ నేల దున్నేస్తే దాని వంశం అక్కడితో సరి.

మేము వెతికే మైదానాన్ని అక్కడివాళ్లు సెల్‌మెజో అంటారు. గాలి పొలం అని అర్థం. దాన్ని దున్ని బ్యాటరీల ఫ్యాక్టరీ కట్టడానికి ఒక కంపెనీ అనుమతి అడిగింది. ఆడపురుగులు అక్కడ బతుకుతున్నాయని రుజువైతే అనుమతి రాదు. మగవి కనిపిస్తే లాభం లేదు. ఎక్కణ్ణుంచో గాలికి కొట్టుకొచ్చాయంటారు. తొమ్మిదేళ్లుగా అక్కడ ఆడపురుగుని చూసినవాళ్లు లేరు. ఎండుగడ్డి రంగులో, ఎండుగడ్డి మీద, కదలకుండా కూర్చునే పప్పుగింజని మూడు వందల హెక్టార్లలో చూడటం మనిషి కంటికి అయ్యే పని కాదు.

కన్ను కాకపోతే ముక్కు అన్నారు మా ప్రొఫెసర్ ఇలొనా. ఆవిడ పదిహేనేళ్ల కృషి ఒక చిన్న సీసాలో ఉండేది. అందులో ఉన్నది కణాలు. మనిషి ముక్కులో వాసన పట్టే కణాలనే తీసుకుని, వాటిలో ఆ మగశలభం మీసాల్లో ఉండే గుణాన్ని పెట్టి పెంచారు. ముక్కులో చుక్కలుగా వేస్తే నలభై రోజుల్లో అవి అక్కడ పాతుకుని నరానికి అతుక్కుంటాయి. అప్పుడు ఆ మనిషికి ఆడశలభం పిలుపు వాసన తెలుస్తుంది. అయితే అవి పాతుకునే చోట ముందున్న కణాలు చచ్చిపోతాయి. లోకంలోని మిగతా వాసన ఒక్కటీ తెలియదు. అరవై రోజుల లోపు విరుగుడు చుక్కలు వేసుకుంటే పాతవి మళ్లీ మొలుస్తాయి. అరవై దాటితే మొలవవు. పరీక్షించిన ఎలుకల్లో ఒక్కదానికీ మొలవలేదు.

ఇలొనా ముందు తన ముక్కులోనే వేసుకున్నారు. గదిలో వాసన స్పష్టంగా తెలిసింది. మైదానంలోకి వెళ్తే అన్ని వైపులా ఉన్నట్టే ఉంది, ఎటూ తేలలేదు. గాలిలో వాసన తాడులా రాదు. తెగిన దారప్పోగుల్లా వస్తుంది. ఈ పోగుకీ ఆ పోగుకీ ముడి వేసుకుంటూ పోవడం తెలియాలి. యంత్రాలు కూడా అక్కడే ఓడిపోయాయి. ఇలొనా విరుగుడు వేసుకుని, "వాసన తెలియడం వేరు, వాసన వెంట నడవడం వేరు. ఆ నడక నేర్పేవాళ్లు కావాలి" అన్నారు.

"నాకు ఒకామె తెలుసు" అన్నాను.

మా అమ్మ మార్తమ్మ ముప్ఫై ఎనిమిదేళ్లు కందుకూరు దగ్గర పొగాకు గ్రేడింగు షెడ్డులో ఆకు ఏరింది. ఎత్తుగా పేర్చిన ఆకు మండెలో ఎక్కడో లోపల ఒక్క కట్టకి తడి తగిలి బూజు మొదలైతే, కంటికి కనపడటానికి వారం ముందే ఆమెకు తెలిసేది. మండె చుట్టూ రెండుసార్లు నడిచి, ఒకచోట చెయ్యి పెట్టి "ఇదుగో, ఈడ తియ్యండి" అనేది. తీస్తే అక్కడే ఉండేది. పొగాకు కంపెనీ వాళ్లొచ్చి మేస్త్రీని మెచ్చుకుని వెళ్లేవారు. అమ్మ పేరు ఏ కాయితంలోనూ ఉండేది కాదు.

ఆమెను రప్పించాలని పరిశోధనశాల తరఫున ఉత్తరం వెళ్లింది. అమ్మ ఫోన్లో ఒకటే అడిగింది.

"నన్ను చూడటానికా, పనికా?"

"పనికేనమ్మా. మా వాళ్లకి వాసన వెంట ఎట్టా నడవాలో నేర్పాలి."

"అయితే వస్తా. చూసిపోవటానికైతే అంత దూరం ఎందుకు."

సెప్టెంబరు మొదటి వారంలో దిగింది. విమానాశ్రయంలో నన్ను దగ్గరికి లాక్కుని తల వాసన చూసింది. చిన్నప్పట్నుంచీ ఆమెకది అలవాటు. బడి నుంచి వస్తే తల వాసన చూసి ఎక్కడెక్కడ తిరిగొచ్చానో చెప్పేది.

"స్పిరిట్టు, తడిగడ్డి" అంది. "పొద్దున తిండి తినలేదు. తల స్నానం చేసి మూడు రోజులైంది."

"నాలుగు" అన్నాను.

"అదే, నాలుగు. దోవలో ముక్కు కాస్త పట్టేసింది."

మా దగ్గర చుక్కలు వేసుకోవలసిన మనిషి బాలింట్. ముప్ఫై ఏళ్ల కుర్రశాస్త్రవేత్త, పొడుగాటి మనిషి, ఓపికమంతుడు. మైదానంలో లవంగనూనెలో ముంచిన దూది దాచిపెట్టి, అమ్మ వెనకాల అతన్ని నడిపించాం. మధ్యలో నేను అనువాదకురాలిని.

"గాలికి ఎదురు పోబాక" అని అమ్మ చెప్పేది. "గాలికి అడ్డంగా పో. వాసన తగిలిన కాడ ఆగు. పోయిందా, వెనక్కి రా. తగిలిన చోటు, తప్పిన చోటు రెండూ గుర్తు పెట్టుకో. తప్పిన చోటే ఎక్కువ చెప్పిద్ది."

ఆమె పన్నెండు నిమిషాల్లో దూది తీసేది. బాలింట్‌కి రెండు గంటలు పట్టేది, అదీ గాలి నిలిచిన రోజున. పదిహేను రోజులు కష్టపడ్డాడు. ఆఖరి రోజు గాలి గట్టిగా వీచింది. సాయంత్రం దాకా తిరిగి, బురద బూట్లతో వచ్చి బండి పక్కన కూలబడ్డాడు. వేళ్ల మధ్య గడ్డి తప్ప ఏమీ లేదు.

అమ్మ అతనికి మంచినీళ్లిచ్చి నా వైపు తిరిగింది.

"ఈ బిడ్డది తప్పు కాదు. ఇది పదిహేను రోజుల్లో వచ్చేది కాదమ్మాయ్. నాకు మూడేళ్లు పట్టింది. ఆ చుక్కలు నాకెయ్యండి."

నేను ఆ మాట అనువదించలేదు. ఇలొనా నా ముఖం చూసి ఏమందని అడిగారు. అయినా చెప్పలేదు. అమ్మ తన ముక్కు చూపించి, ఆవిడ చేతిలో చుక్కల సీసా ఉన్న సంచి చూపించి, తల ఊపింది. ఇలొనాకి అర్థమైంది. వెంటనే సరేననలేదు.

"ఈమెకు అరవై ఒక్కేళ్లు. నీ తల్లి. నువ్వు వద్దంటే వద్దు" అన్నారు నాతో.

"వద్దు" అన్నాను.

ఆ వారమంతా ఇంట్లో మా ఇద్దరికీ సరిగా మాటల్లేవు. చివరికి ఒక ఆదివారం పొద్దున, టీ కాస్తూ అమ్మే మొదలుపెట్టింది.

"నువ్వు దేనికి భయపడతన్నావు?"

"నీకేమీ తెలియకుండా పోతుందమ్మా. కూర తెలియదు, వాన తెలియదు. అన్నం మాడినా తెలియదు. నీకున్నదల్లా ఆ ముక్కే గదా."

"నాకున్నదల్లా అదే. అందుకే అడుగుతన్నా." స్టవ్ ఆపి నా ఎదురుగా కూర్చుంది. "ముప్ఫై ఎనిమిదేళ్లు దీంతో పొగాకు ఏరినా. ఎవరో తాగి ఊదేసే దానికి వాడినా. ఒక్క పనికైనా, ఇది మార్తమ్మ చేసిందిరా అనే పనికి వాడుకోనీ. అరవై రోజులే గదా. విరుగుడు ఉందంటన్నారు గదా."

"తేడా జరిగితే?"

"జరిగితే నన్ననుకో, నిన్ను నువ్వు అనుకోబాక. అడిగింది నేను."

ఇంకేం చెప్పినా ఆమె వినదని నాకు తెలుసు. నిజం చెప్పాలంటే, నా లోపల ఒక మూల ఆమె వినకపోతే బాగుండునని కూడా ఉంది. ఆరేళ్ల పని అది. ఆ సంగతి ఇప్పటికీ నన్ను కలత పెడుతుంది.

ఇలొనాకి సరేనని చెప్పాను. సెప్టెంబరు ఇరవై ఐదున చుక్కలు వేశారు. ముందు రోజు అమ్మ పనేమీ పెట్టుకోలేదు. ఇంట్లో ఒక్కో డబ్బా తెరిచి వాసన చూసింది. ధనియాలు, ఇంగువ, ఊరి నుంచి తెచ్చుకున్న ఎండురొయ్యలు. బైబిల్లో దాచుకున్న మేలురకం పొగాకు ఆకు ఒకటి తీసి చాలాసేపు ముక్కు దగ్గర పెట్టుకుంది. తర్వాత నన్ను రమ్మంది. నా తల మీద ముక్కు ఆనించి ఊపిరి పీల్చింది. ఎక్కడ తిరిగొచ్చానో ఆ రోజు చెప్పలేదు.

పదో రోజుకి ఆమెకు టీ వాసన పోయింది. ఇరవయ్యో రోజుకి ఏదీ లేదు. అన్నం తినేటప్పుడు ముద్దలు లెక్కపెట్టుకునేది, కడుపు నిండిందో లేదో తెలియడానికి. నాలుగు కిలోలు తగ్గింది. ఒక మధ్యాహ్నం నేను పరిశోధనశాలలో ఉండగా పక్కింటావిడ ఫోన్ చేసింది. ఇంటికి పరుగెత్తాను. వంటింటి నిండా పొగ. పాలగిన్నె మాడి నల్లబడి ఉంది. అమ్మ పక్కగదిలో కిటికీ వైపు తిరిగి కూర్చుని, ప్రశాంతంగా నా స్వెట్టరు కుడుతోంది. నన్ను చూసి, "ఏందమ్మాయ్, ఇంత పెందలాడే వచ్చినావు?" అంది. నేను వంటింటి వైపు చూపించాను. లేచి వెళ్లి చూసి, గుమ్మం పట్టుకుని నిలబడిపోయింది. ఆమె ముఖంలో భయం చూడటం నాకదే మొదటిసారి.

"ఆపేద్దామా?" అన్నాను. "ఇప్పుడే విరుగుడు వేయిస్తాను."

కిటికీలన్నీ తెరిచి వచ్చింది. "గంట మోగే గడియారం ఒకటి కొనుక్కురా. పొయ్యి మీద ఏదన్నా పెడితే దానికి చెప్పుకుంటా."

ముప్ఫై తొమ్మిదో రోజున, పరిశోధనశాలలో పది గాజుగొట్టాలు వరసగా పెట్టారు. ఒక్కదాన్లోనే కృత్రిమంగా చేసిన పిలుపు వాసన ఉంది, అదీ రవ్వంత. అమ్మ ఒక్కొక్కటీ ముక్కు దగ్గర పెట్టుకుంటూ ఆరోదాని దగ్గర ఆగింది. ఇరవై రోజుల తర్వాత ఆమెకు తెలిసిన మొదటి వాసన అది. కళ్లు మూసుకుంది. ఇలొనా పుస్తకం, పెన్ను తీశారు.

"ఎలా ఉంది?" అని అడగమన్నారు.

అమ్మ చాలాసేపు వెతుక్కుంది. "తడి ఇనుము మీద జీలకర్ర నలిపినట్టుంది. కాదు. దేని లెక్కా లేదు ఇది. కొత్తది. మాకు నూరు కట్టల నాసిరకం ఆకులో మేలురకం కట్ట ఒకటి కలిసిందనుకో, చేతికి రాకముందే తెలిసిద్ది. అట్టా తెలుస్తంది."

ఇలొనా ఆ మాటలు పొల్లుపోకుండా రాసుకున్నారు.

నవంబరు నాలుగున మైదానంలోకి దిగాం. పొద్దున తొమ్మిది దాకా మంచు. పది గంటలకి ఎండ పలచగా పడ్డాక మగ శలభాలు ఒకటీ అరా లేచేవి. అమ్మ చీర మీద నా పాత కోటు, కాళ్లకి బాలింట్ తెచ్చిచ్చిన రబ్బరు బూట్లు. మొదటి రోజు ఏమీ లేదు. రెండో రోజు గాలి దిక్కులు మార్చింది. మూడో రోజు రెండుసార్లు వాసన తగిలి రెండుసార్లూ తప్పింది. ఇంటికొచ్చాక బూట్లు విప్పితే మడమలు చీరుకుపోయి ఉన్నాయి. ఆమె దాని గురించి మాట్లాడలేదు. ఒక కాయితం మీద పెన్సిలుతో గీతలు గీస్తూ కూర్చుంది, వాసన తగిలిన చోట్లు, తప్పిన చోట్లు.

నాలుగో రోజు ఆ కాయితం పట్టుకుని నేరుగా మైదానం ఉత్తరపు కొసకి నడిచింది. గాలికి అడ్డంగా ఇరవై అడుగులు, మళ్లీ వెనక్కి పదిహేను, మళ్లీ పది. అడుగులు తగ్గుతూ వచ్చాయి. ఒకచోట మోకాళ్ల మీద కూర్చుని, చెయ్యి చాపి, తాకకుండా వేలు పెట్టింది.

"ఇదుగో."

నాకు ఎండుగడ్డి తప్ప ఏమీ కనపడలేదు. "ఎక్కడమ్మా?"

"నా గోటి చివర చూడు."

అప్పుడు కనపడింది. ఎండుగడ్డి రంగు ఒళ్లు, నడుం దగ్గర చారలు, పరకని కౌగిలించుకున్న కాళ్లు. రెక్కల్లేని ఆడశలభం. పుస్తకాల్లో తప్ప నేనెప్పుడూ చూడనిది. బాలింట్ నోటి మీద చెయ్యి పెట్టుకున్నాడు. నేను ఏడుస్తున్నానని నాకు తెలియలేదు. అమ్మ మాత్రం పురుగుని పరీక్షగా చూసి, "ఇంత చిన్నదా!" అంది. "ఇంత గట్టిగా పిలుస్తంటే పిట్టంత ఉంటదనుకున్నా."

ఆ రోజు నుంచి ఎనిమిది రోజుల్లో ఆమె ముప్ఫై మూడు ఆడపురుగులను చూపించింది. ప్రతిదానికీ ఫొటో తీశాం, చోటు గుర్తించాం, తాకకుండా వదిలేశాం. నివేదిక జిల్లా కార్యాలయానికి పంపాం. నేను విరుగుడు సీసా తీసి ఫ్రిజ్‌లో ముందు వరసలో పెట్టుకున్నాను.

పంతొమ్మిదో తేదీన జవాబొచ్చింది. కంపెనీ తరఫు లాయరు అభ్యంతరం చెప్పాడు. ఆ పురుగులను మేమే ఎక్కడో పెంచి తెచ్చి గడ్డి మీద పెట్టామని అతని మాట. మనిషి ముక్కుతో వెతికామంటే ఎవరు నమ్ముతారన్నాడు. కార్యాలయం నుంచి గాబోర్ అనే అధికారి వచ్చి, తనకు నచ్చిన చోట, మాలో ఎవరూ దగ్గర లేకుండా, అమ్మ ఒక్కదానితో వెతికిస్తాడట. అందులో దొరికితే ఒప్పుకుంటారు. తేదీ నవంబరు ఇరవై ఏడు.

నేను వేళ్ల మీద లెక్క పెట్టాను. అరవయ్యో రోజు ఇరవై నాలుగున పడుతుంది.

ఇలొనా మూడుసార్లు ఫోన్ చేశారు. గాబోర్ మర్యాదగానే మాట్లాడాడు, కానీ లాయరుకి వారం రోజుల ముందు నోటీసు ఇవ్వాలని చట్టమట. ఒక్కరోజు కూడా ముందుకి జరపలేనన్నాడు. వచ్చే ఏడాదికి వాయిదా అడుగుదామంటే, జనవరిలో దున్నకం మొదలవుతుంది.

ఇరవై నాలుగున మధ్యాహ్నం ఇలొనా మా ఇంటికి వచ్చారు. నేను సీసా బల్ల మీద పెట్టాను.

"అమ్మా, అబద్ధం చెప్పను. ఇవాళ వేసుకోకపోతే ఇక రాదు. ఎప్పటికీ."

"తెలుసు. నువ్వు రోజూ లెక్కపెడతన్నావు గదా, నేనూ పెడతన్నా."

"వేసుకో. మన చేతనైంది చేశాం. నలుగురికీ చూపించాం. ఫొటోలున్నాయి."

"ఆ లాయరు ఏమన్నాడు? మనమే తెచ్చి పెట్టామన్నాడు." అమ్మ గొంతు పెంచలేదు. "ముప్ఫై ఎనిమిదేళ్లు నేను చెప్పింది మేస్త్రీ చెప్పినట్టు రాసుకున్నారు. అప్పుడు గమ్మునున్నా. ఇప్పుడు నేను చూపించింది దొంగసరుకు అంటన్నారు. దీనికి గమ్మునుంటే ఇంక నేనెందుకు వచ్చినట్టు?"

"నువ్వు నా తల వాసన కూడా చూడలేవమ్మా" అన్నాను. అనకూడదని తెలిసీ అన్నాను.

అమ్మ నన్ను దగ్గరికి తీసుకుంది. అలవాటుగా ముక్కు నా తల మీద ఆనింది, ఊపిరి పీల్చింది, ఆగింది. నా భుజం మీద ఆమె చెయ్యి బిగుసుకోవడం తెలిసింది. కాసేపటికి వదిలి నా ముఖం రెండు చేతులతో పట్టుకుంది.

"ముఖం చూస్తే తెలియదా నాకు? పొద్దున తిండి తినలేదు నువ్వు" అంది.

ఇలొనాకి తెలుగు రాదు. అయినా ఆవిడ లేచి, అమ్మ ముందు నిలబడి, రెండు చేతులూ పట్టుకుని తల వంచారు. సీసా తిరిగి ఫ్రిజ్‌లోకి వెళ్లింది.

ఇరవై ఏడున చలి విపరీతంగా ఉంది. ఆ ఏటికి పురుగుల కాలం దాదాపు అయిపోయింది. అప్పటికి నాలుగు రోజులుగా ఒక్క మగశలభం కూడా కనపడలేదు. గాబోర్ యాభై ఏళ్ల మనిషి, మాటలు తక్కువ. మైదానం పటం తీసి, మేమెప్పుడూ వెతకని పడమటి ముక్క మీద వేలు పెట్టాడు. లాయరు, నేను, ఇలొనా, బాలింట్ రోడ్డు మీదే ఉండాలి. అమ్మ, ఆయన వెళ్లారు. ఒకరి భాష ఒకరికి రాదు.

దూరదర్శినిలోంచి చూస్తూ నిలబడ్డాను. గంట గడిచింది. అమ్మ అడ్డంగా నడుస్తోంది, వెనక్కి వస్తోంది. నడక చూస్తే ఏమీ తగలడం లేదని తెలుస్తోంది. గంటన్నరకి గడ్డిలో కూర్చుండిపోయింది. గాబోర్ గడియారం చూసుకున్నాడు. లాయరు కారెక్కి హీటరు వేసుకున్నాడు.

పదకొండున్నరకి మబ్బు విడి ఎండ పడింది. అమ్మ తల ఎత్తింది. చెయ్యి విసిరి గాబోర్‌ని పక్కకి జరగమంది. ఆయన గాలికి అడ్డంగా నిలబడి ఉన్నాడు. ఏంటన్నట్టు చూశాడు. అమ్మ మళ్లీ విసిరింది, షెడ్డులో వెలుతురుకి అడ్డమొచ్చిన వాళ్లని అదిలించినట్టు. ఆయన జరిగాడు. అమ్మ లేచింది. ముప్ఫై అడుగులు, ఇరవై, పన్నెండు, అయిదు. మోకాళ్ల మీద కూర్చుని వేలు పెట్టింది.

గాబోర్ వంగాడు. కనపడలేదు కాబోలు, కళ్లజోడు తీసి తుడుచుకుని మళ్లీ వంగాడు. తర్వాత ఆ కోటుతోనే, ఆ తడి గడ్డిలోనే బోర్లా పడుకుని కెమెరా తీశాడు. చాలాసేపు లేవలేదు. లేచి మా వైపు చెయ్యి ఊపాడు.

నేను పరుగెత్తబోయాను. ఇలొనా ఆపారు. అమ్మ మా వైపు తిరగను కూడా తిరగలేదు. గాబోర్ ఇక చాలన్నట్టు సైగ చేస్తుంటే, ఆమె రెండు వేళ్లు చూపించి ముందుకి నడిచింది. ఇంకొకటి ఉందట. నూటయాభై అడుగుల అవతల దాన్నీ చూపించింది.

బండి బోనెట్ మీద కాయితాలు పెట్టి గాబోర్ నివేదిక రాశాడు. అమ్మ పేరు అక్షరం అక్షరం అడిగి రాసుకున్నాడు. వృత్తి అనే చోట ఆగి నా వైపు చూశాడు.

"గ్రేడరు అని చెప్పు" అంది అమ్మ.

దేనికి గ్రేడరు అని అడిగాడు.

"ఆకుకి. ఇప్పుడు పురుగులక్కూడా."

నేను అనువదించాను. ఆయన నవ్వలేదు. అలాగే రాశాడు. కింద అమ్మ సంతకం పెట్టింది. ఎనిమిదో తరగతిలో బడి మానేసిన అక్షరాలు, గుండ్రంగా, తొందర లేకుండా. లాయరు తన సంతకం పెట్టడానికి కారు దిగివచ్చి, అమ్మ ముఖం వైపు చూడకుండా పెట్టి వెళ్లాడు.

జనవరిలో జిల్లా కార్యాలయం తీర్పు వచ్చింది. సెల్‌మెజోని దున్నకూడదు. ఆ తీర్పు మూడో పేజీలో మా అమ్మ పేరు ఏడుసార్లు ఉంది. నేను లెక్కపెట్టాను. అమ్మ మాత్రం ఒక్కసారి వేలితో తడిమి, మడిచి సంచిలో పెట్టుకుంది.

విరుగుడు ఆలస్యంగానైనా వేద్దామని ఇలొనా అన్నారు. వేస్తే ఉన్న ఆ పురుగు వాసన కూడా పోయే ప్రమాదముంది, పోయింది వచ్చే ఆశ లేదు. అమ్మ వద్దంది. ఆ తర్వాత చాలా రాత్రులు నాకు నిద్ర పట్టలేదు. ఆమెకు మాత్రం పట్టేది. పొద్దున్నే లేచి, గడియారం పెట్టుకుని టీ కాసి, "రంగు సరిపోయిందా?" అని అడిగేది. వాసన గురించి అడిగేది కాదు.

ఫిబ్రవరిలో ఆమెతో పాటు నేనూ కందుకూరు వచ్చాను. ఆమె షెడ్డుకి వెళ్తుంటే భయపడి వెంట వెళ్లాను. ముప్ఫై ఎనిమిదేళ్లు ఆమె బతికింది ఆ వాసనలోనే. గుమ్మం దాటగానే నాకే ముక్కుపుటాలు అదిరాయి. ఆమె ఏమీ లేని చోటికి వచ్చినట్టు నడిచి వెళ్లింది. కొత్త ఆకు మండెలు నిలువెత్తున ఉన్నాయి. ఆడవాళ్లు లేచొచ్చి చుట్టూ మూగారు. మేస్త్రీ ఒక కట్ట తెచ్చి అందించాడు.

"రా మార్తమ్మా, నీ కోసమే ఆపినా. దీంట్లో ఏదో తేడాగా ఉంది. చూసి చెప్పు."

అమ్మ కట్ట తీసుకోలేదు.

"నాకు వాసన తెలీదు ఇప్పుడు" అంది, అందరికీ వినపడేట్టు.

ఆమె పక్కన ఇరవై ఏళ్లు కూర్చుని ఆకు ఏరిన సంపూర్ణ, "ఏమైంది వదినా? జబ్బు చేసిందా?" అని ఆదుర్దాగా అడిగింది.

"జబ్బు కాదు. ఇచ్చేసి వచ్చినా."

చాప మీద కూర్చుని చెప్పడం మొదలుపెట్టింది. మంచు, గడ్డి, రబ్బరు బూట్లు, నడుముకి చారలున్న పురుగు, పక్కకి జరగమంటే జరిగిన ఆఫీసరు. నేను ఎన్నో సభల్లో ఈ పరిశోధన గురించి మాట్లాడాను. ఆ మధ్యాహ్నం ఆ షెడ్డులో విన్నంత శ్రద్ధగా ఎవరూ వినలేదు. ఏరుతున్న చేతులన్నీ ఆగిపోయాయి. మేస్త్రీ కూడా పని చేయండని అనలేదు.

"రెక్కల్లేకపోతే అదెట్టా బతికిద్ది వదినా?" అంది సంపూర్ణ.

"కూర్చున్న కాణ్ణుంచే పని జరిపించుకుద్ది. నీకంటే గట్టిది" అంది అమ్మ. అందరూ నవ్వారు.

మేస్త్రీ మాత్రం చేతిలో కట్టతో అలాగే నిలబడ్డాడు. "మరి ఈ మండెలు చూసేదెవరు మార్తమ్మా? వచ్చే వారం కంపెనీ వాళ్లొస్తారు."

అమ్మ ఆ కట్ట తీసుకుని సంపూర్ణ ఒళ్లో పెట్టింది.

"ఈమె చూసిద్ది. ఎట్టా చూడాలో దగ్గరుండి చెప్తా. ఎవరు చూసినారని కంపెనీ వాళ్లు అడిగితే సంపూర్ణ చూసిందని చెప్పు, పేరు పెట్టి. ఈ ఏడంతా నేర్పుతా." లేచి చీర దులుపుకుంది. "నవంబర్లో మాత్రం నేనుండను. ఆడ నాకు పనుంది."